కటకానికి ఇరువైపులా

ఆదివారం సాయంకాలం దిల్‌సుఖ్‌నగర్ కూడలిలో నిలుచున్నవానికి సినిమా హాలు ఎటువైపున ఉన్నదో ఎవరూ చెప్పనక్కరలేదు. జనం నడిచే తీరే చెబుతుంది. కోణార్క, వెంకటాద్రి అనే పేర్లు ఈ పేట విద్యార్థులకు తమ బడి పేరంత పరిచితాలు. హాలు ముందు నిలువెత్తు బొమ్మ కింద గుమిగూడిన కుర్రవాళ్ళు నాయకుని పేరు చదువుతారు, నాయిక పేరు చదువుతారు, సంగీత దర్శకుడెవరో వాదులాడుకుంటారు. ఆ బొమ్మ అడుగున, చిన్న అక్షరాలలో, ఛాయాగ్రాహకుని పేరు కూడా ఉంటుంది. దానిని చదివేవారు అరుదు. చీకటి హాలులో మూడు గంటలసేపు అందరూ చూసేది ఆయన కంటితోనే అయినా, ఆయన ముఖం ఎవరికీ తెలియదు. ఆ వృత్తి ధర్మమే అంత.

అయితే తెలుగువారి చలనచిత్ర చరిత్ర ఈ ధర్మానికి విరుద్ధంగా మొదలైంది. తెరమీద కథానాయకుడుగా కనిపించిన తొలి తెలుగు ముఖం ఒక ఛాయాగ్రాహకునిది. ఆయన పేరు రఘుపతి సూర్యప్రకాశ్. చిత్రం 'భీష్మ ప్రతిజ్ఞ'. సంవత్సరం 1921.

దిల్‌సుఖ్‌నగర్ కూడలి మీదుగా సాగే ఈ రహదారికీ ఆ కుటుంబానికీ ఒక చిన్న సంబంధం ఉన్నది. 65వ నంబరు జాతీయ రహదారి ఇది. చైతన్యపురి, కొత్తపేట దాటి, ఎల్.బి. నగర్ చేరి, అక్కడినుండి హయత్‌నగర్, సూర్యాపేట, విజయవాడల మీదుగా పోయి మచిలీపట్నంలో ముగుస్తుంది. పడమటి దిక్కున దీని మొదలు పుణె నగరం. ప్రకాశ్ తండ్రి రఘుపతి వెంకయ్యనాయుడుగారిది మచిలీపట్నం. పుణె ప్రస్తావన కథ చివర వస్తుంది.

వెంకయ్యగారు ఛాయాచిత్రాలు తీసి జీవించినవారు. మద్రాసు చేరి అక్కడ స్టూడియో నడిపారు. కదలని బొమ్మతో తృప్తి చెందని స్వభావం ఆయనది. 1910లో క్రోనోమెగాఫోన్ అనే యంత్రాన్ని సంపాదించారు. ఫ్రాన్సు దేశపు గోమాంట్ సంస్థ తయారుచేసిన ఈ పరికరంలో ఒకవైపు ఫిలిము తిరుగుతూ ఉంటే, దానికి జోడుగా గ్రామఫోను పళ్ళెం తిరిగేది. పళ్ళెం మీది ధ్వని హాలంతా వినిపించేందుకు ఒత్తిడిగాలిని ఉపయోగించేవారు. చిన్న చిన్న పాటలు, హాస్య దృశ్యాలు మాత్రమే అందులో ఉండేవి. ఆ యంత్రాన్ని బండికెత్తుకొని, డేరా వెంటబెట్టుకొని, వెంకయ్యగారు ఊరూరా తిరిగారు. బర్మా వెళ్ళారు, సింహళం వెళ్ళారు. 1914లో మద్రాసులో గెయిటీ అనే శాశ్వతమైన హాలు కట్టించారు. ఆ నగరంలో ఒక భారతీయుడు తన సొమ్ముతో కట్టించిన తొలి సినిమా హాలు అదే. తరువాత క్రౌన్, గ్లోబ్ వచ్చాయి.

ఇంతవరకు వర్తకమే. ఎవరో తీసిన చిత్రాన్ని తెచ్చి చూపడం. ఏ వర్తకుడైనా అక్కడ ఆగి, నాలుగో హాలు కట్టించుకొని సుఖంగా ఉండేవాడు. వెంకయ్యగారికి తోచినది వేరు: మనమే తీయాలి, తీయాలంటే నేర్చినవాడు ఉండాలి, నేర్చుకోవడానికి కొడుకు పోవాలి. ఇరవై యేళ్ళు నిండీ నిండని కుమారుని ఆయన సముద్రాలు దాటించారు. మద్రాసులో నటరాజ మొదలియార్ 1917–18 ప్రాంతంలోనే 'కీచక వధ' తీసి దక్షిణదేశానికి దారి చూపారన్నది నిజమే. కాని ఆ విద్యకోసం కుమారుని విదేశాలకు పంపిన తండ్రి తెలుగునాట అంతకుముందు లేడు. కొడుకును బారిష్టరు పరీక్షకు ఇంగ్లండు పంపడమే గొప్పగా చెప్పుకొనే రోజులవి.

ప్రకాశ్ లండనులో బార్కర్ చిత్ర సంస్థలో పని నేర్చారు. విల్ బార్కర్ లండను శివార్లలోని ఈలింగ్‌లో 1902లోనే చిత్రనిర్మాణం ప్రారంభించిన వ్యక్తి. అక్కడినుండి ప్రకాశ్ జర్మనీ, అమెరికా దేశాలు కూడ చూసి వచ్చారు.

ఆయన నేర్చిన విద్య ఎటువంటిదో నేటి విద్యార్థి ఊహించుకోవడం కొంచెం కష్టం. ఎల్.బి. నగర్ మెట్రో స్టేషను మెట్ల మీద ఏ సాయంకాలమైనా ఒక దృశ్యం కనిపిస్తుంది: పిల్లవాడొకడు సెల్‌ఫోను చేయిచాచి పట్టుకొని, దానిని తనవైపుకే తిప్పుకొని, నవ్వి, తన బొమ్మ తానే తీసుకుంటాడు. తీసేవాడూ తీయించుకొనేవాడూ ఒక్కడే. ఈ పని 1921లో అసాధ్యం. అప్పటి కెమెరా ఒక కొయ్య పెట్టె. మూడుకాళ్ళ స్టాండు మీద నిలబెట్టిన ఆ పెట్టెకు ప్రక్కన ఒక పిడి ఉండేది. దానిని చేతితో త్రిప్పితేనే లోపల ఫిలిము కదిలేది. సాధారణంగా సెకనుకు రెండు చుట్లు. ఒక్కొక్క చుట్టుకు ఎనిమిది బొమ్మలు. వెరసి సెకనుకు పదహారు. పదహారు బొమ్మలకు ఒక అడుగు ఫిలిము ఖర్చు. వేయి అడుగుల రీలు అంటే దాదాపు పదిహేడు నిమిషాల చిత్రం. లెక్కల మాస్టారు ఒకసారి నల్లబల్ల మీద వేసి చూపదగిన లెక్క ఇది.

ఆ రెండు చుట్లూ తప్పకూడదు. చేయి కాస్త నెమ్మదిస్తే తెరమీద మనుషులు పరుగులెత్తుతారు. చేయి వేగిరపడితే నీళ్ళలో నడిచినట్లు నడుస్తారు. ఎదుట యుద్ధం జరుగుతున్నా, నాయిక కన్నీరు పెడుతున్నా, ఛాయాగ్రాహకుని మణికట్టు మాత్రం గడియారంలా తిరుగుతూ ఉండాలి. లోలోపల ఒక పాట పల్లవి పాడుకొంటూ ఆ లయకు పిడి త్రిప్పేవారుండేవారు. మృదంగం మీద చేయి ఉన్నవాని పనివంటిదే ఇది. తాళం తనది, రాగం ఇతరులది.

అలాగే వెలుగు. అప్పటి ఫిలిము ఎరుపు రంగును చూడలేదు. ఎర్రని పెదవి తెరమీద నల్లనైపోయేది. నీలి ఆకాశం తెల్లగా పాలిపోయేది. కుంకుమబొట్టు మసిబొట్టు అయ్యేది. ఏ రంగు ఏ ఛాయగా మారుతుందో ముందే మనసులో చూడగలిగినవాడే ముఖానికి రంగు పూయించగలడు, చీర ఎంపిక చేయగలడు. విద్యుద్దీపాల బలం మన స్టూడియోలకు ఇంకా రానందున సూర్యుడే దీపం. మబ్బు పట్టితే పని ఆగింది. ఎండ వాలితే నాయకుడు సింహాసనంతో సహా ఎండవైపుకు జరగవలసిందే!

ఇంతటి విద్య నేర్చి వచ్చిన ప్రకాశ్‌కు మద్రాసులో తండ్రి సంస్థ సిద్ధం చేశారు. దాని పేరు స్టార్ ఆఫ్ ది ఈస్ట్. తొలి చిత్రానికి తండ్రి నిర్మాత. కుమారుడు దర్శకుడు. గంగాదేవి పాత్రకు పెగ్గీ కాస్టెల్లో అనే ఆంగ్ల వనిత వచ్చింది. గౌరవ కుటుంబాల స్త్రీలు కెమెరా ముందుకు రావడానికి జంకే కాలం కనుక దేవలోకపు నదికి దొరసాని రూపం దక్కింది. ప్రేక్షకులు దానిని తప్పు పట్టినట్లు లేదు. గంగ తెల్లగానే కదా ఉంటుంది! భీష్ముడుగా ప్రకాశ్ స్వయంగా నిలిచారు.

ఆయనకు అప్పుడు ఇరవై యేళ్ళు. భీష్ముడనగానే అంపశయ్య మీది తెల్లగడ్డపు తాతను తలచుకొనే మనకు ఇది వింతగా తోచవచ్చు. కాని ప్రతిజ్ఞ చేసిన నాటి దేవవ్రతుడు యువకుడు. దాశరాజు ముంగిట నిలిచి, తండ్రి శంతనుని కోరిక తీర్చడానికి మొదట రాజ్యం వదులుకున్నాడు. రేపు నీ బిడ్డలు ఊరుకుంటారా అని దాశరాజు శంకించగా, బిడ్డలే లేకుండ ఆజన్మ బ్రహ్మచర్యం పూనాడు. ఆ వయసున్నవాడు ఆ మాట అన్నప్పుడే అది భీషణమవుతుంది.

ఇక్కడ ఒక చిక్కు ఉన్నది. ప్రతిజ్ఞ అంటే మాట. కథ ప్రాణమంతా నోటినుండి వెలువడిన ఒక వాక్యంలో ఉన్నది. చిత్రమో, మూగది! నోరులేని యంత్రంతో లోకంలోకెల్లా గొప్ప మాటను చెప్పబూనుకున్నారు ఆ తండ్రీ కొడుకులు. మూకీలలో సంభాషణను తెరమీద అక్షరాలుగా వేసి చూపేవారు; చదువురాని వారికోసం హాలులో ఒకరు నిలబడి గట్టిగా చదివి వినిపించడమూ ఉండేది. అయినా అక్షరాలు పోయి మళ్ళీ ముఖం తెరమీదికి వచ్చినప్పుడు ఆ ముఖమే మాట్లాడాలి. నాటకాలలో ఆరితేరిన నటుడు ఈ పనికి పనికిరావచ్చు, రాకపోవచ్చు. సురభి పందిట్లో చివరి వరుసలో కూర్చున్న వాడికి కనబడేటట్లు చేయి విసరడం అలవాటైనవానికి, మూడు గజాల దూరంలోని అద్దపు కన్ను కనుబొమ్మ కదలికను సైతం పట్టేస్తుందని చెబితే నమ్మకం కలగదు. కటకం వెనుక నిలబడి చూచినవానికి ఆ సంగతి ఎవరూ చెప్పనక్కరలేదు. ఎంత కదిలితే చట్రం దాటిపోతాడో, తల ఎంత వంచితే కంటికింద నీడ పడుతుందో అతనికి తెలుసు. ఛాయాగ్రాహకుడు నటించడంలోని లాభం అదే. నష్టమూ ఉన్నది: తాను ఎదుట నిలుచున్నంతసేపు పిడి మరొకరి చేతిలో ఉంటుంది. తన బొమ్మ ఎలా వస్తున్నదో తనకు కనిపించదు. ఫిలిము కడిగి ఆరబెట్టి చూచేదాక చీకట్లో ఉండవలసినదే.

ఇది తెలుగు చిత్రం ఎలా అవుతుంది, మాటే లేదు కదా అని కొందరు అడుగుతారు. న్యాయమైన ప్రశ్న. మద్రాసులో తయారై, ఏ భాషవారైనా చూడగలిగిన చిత్రానికి భాష అంటగట్టడం తీసినవారిని బట్టే. తీసినవారు తెలుగువారు. అంతకుమించి వాదం పెంచడం వలన ప్రయోజనం లేదు. మాట్లాడిన తొలి తెలుగు చిత్రం హెచ్.ఎం. రెడ్డిగారి 'భక్త ప్రహ్లాద'. అది బొంబాయిలో తయారై 1932 ఫిబ్రవరి 6న విడుదలైంది.

ఆ రోజులలోనే, ఇదే హైదరాబాదులో, ఇటువంటివాడే మరొకడు ఉండేవాడు. వంగదేశీయుడైన ధీరేన్ గంగూలీ ఇక్కడ చిత్రకళ బోధిస్తూ ఉండేవాడు. రకరకాల వేషాలు మార్చి తాను దిగిన ఛాయాచిత్రాలను పుస్తకంగా అచ్చువేసిన సరదా మనిషి. కలకత్తాలో చిత్రాలు తీసి నటించిన పిమ్మట, 1922లో హైదరాబాదుకు వచ్చి లోటస్ ఫిలిం కంపెనీ స్థాపించాడు. రెండేళ్ళు గడిచాయి. 'రజియా బేగం' అనే చిత్రాన్ని ప్రదర్శించినందుకు నిజాం ప్రభుత్వానికి ఆగ్రహం కలిగి, ఊరు విడిచి పొమ్మన్నది. గంగూలీతోపాటు హైదరాబాదు చిత్రనిర్మాణం కూడ పెట్టె సర్దుకొని పోయింది. దిల్‌సుఖ్‌నగర్ అప్పటికి నగరం వెలుపలి మాట. మలక్‌పేట దాటితే తోటలు, పొలాలు, సరూర్‌నగర్ చెరువు. అదే జరగక, ఆ కంపెనీ నిలిచి ఉంటే మన చిత్రసీమ చిరునామా ఎలా మారేదో!

జర్మనీలోనూ ఇటువంటి ఉదాహరణ కనబడుతుంది. కార్ల్ ఫ్రాయిండ్ అనే ఛాయాగ్రాహకుడు 1924లో డ్రేయర్ దర్శకత్వంలో 'మైఖేల్' చిత్రానికి కెమెరా నడిపి, అందులోనే చిత్రపటాల వర్తకుడుగా వేషం వేశాడు. భారీ మనిషి, వేషం బాగానే నప్పింది. కాని ఆ తరువాత ఆయన మళ్ళీ కటకం వెనుకకే పోయాడు. 'మెట్రోపొలిస్' వంటి చిత్రాలు ఆ కంటి చలువే. ఫ్రాయిండ్‌కు అది ఒకనాటి వినోదం. వెనుక గొప్ప స్టూడియో, వందలాది పనివారు ఉన్నారు. ప్రకాశ్‌కు అవసరం. కెమెరా తెలిసినవాడు, దర్శకత్వం తెలిసినవాడు, కెమెరా ముందు నిలవడం తెలిసినవాడు అని విడివిడిగా మనుషులు లేని చోట, ఒక్కడే ఆ ముగ్గురూ కావలసివచ్చింది.

ఆ అవసరం శిష్యునికీ అంటుకొన్నది. కాకినాడ వాస్తవ్యుడు చిత్తజల్లు పుల్లయ్యగారు వెంకయ్య, ప్రకాశ్‌ల వద్ద పని నేర్చుకొని, సొంత ఊరు తిరిగివచ్చి, తన ఇంటనే 'మార్కండేయ' మూకీ తీశారు. 1920ల మధ్యనాటి మాట. అందులో యమధర్మరాజు వేషం పుల్లయ్యగారిదే. మద్రాసులో గురువు భీష్ముడైతే కాకినాడలో శిష్యుడు యముడయ్యాడు. ఈ పుల్లయ్యగారే తరువాత 1934లో 'లవకుశ' టాకీకి దర్శకత్వం వహించి తెలుగు పల్లెలను బండ్లు కట్టుకొని సినిమాకు రప్పించినవారు.

శిష్యుడు నిలదొక్కుకున్నాడు. గురుకుటుంబం మాత్రం నిలువలేకపోయింది. చిత్రాలు తీయడం హాలు నడపడం వంటిది కాదు. హాలులో నేటి టిక్కెట్టు సొమ్ము రాత్రికే లెక్కకు వస్తుంది. చిత్రంలో పెట్టిన సొమ్ము ఎప్పుడు వస్తుందో, వస్తుందో రాదో! ముడి ఫిలిము విదేశాలనుండి రావాలి. యంత్రం చెడితే విడిభాగం ఓడ దిగాలి. పోటీకి అమెరికా చిత్రాలు అంతకు తక్కువ వెలకే దొరికేవి. ఋణాలు పెరిగాయి. వెంకయ్యగారు కట్టించిన హాళ్ళు చేజారాయి. దేవవ్రతుడు తండ్రి కోసం రాజ్యం వదులుకున్నాడు. ఇక్కడ కొడుకు విద్యకోసం తండ్రి వదులుకున్నాడు. భారతకథ తిరగబడినట్లయింది. ఆ మాట ఆ ఇంట ఎవరైనా అనుకున్నారో లేదో గాని, భీష్ముని కథనే తొలి చిత్రంగా ఎంచుకున్న ఇంట ఇలా జరగడం చూచినవారికి తోచక మానదు.

ప్రకాశ్ పని మానలేదు. ఎ. నారాయణన్ 1929లో జనరల్ పిక్చర్స్ కార్పొరేషన్ స్థాపించినప్పుడు అందులో దర్శకుడుగా చేరారు. మూకీలు ముగిసి టాకీలు వచ్చాయి. పిడి త్రిప్పే చేతికి విలువ పోయింది. ఫిలిము వేగం సెకనుకు 24 బొమ్మలని స్థిరపడి, మోటారు ఆ పని అందుకొన్నది. మొదట్లో కెమెరా చప్పుడు మైకుకు వినబడకుండ కెమెరాను, మనిషిని కలిపి ఒక గదిలో మూసేవారు. అంతవరకు ఎండలో స్వేచ్ఛగా తిరిగిన ఛాయాగ్రాహకుడు గూటిలో పక్షి అయ్యాడు. నటుడు ప్రకాశ్‌కు కూడ ఇక తెరమీద చోటు లేదు; తెరకు పాడగలవారు, పద్యం చదవగలవారు కావలసివచ్చారు. దర్శకుడు మాత్రం మిగిలాడు. 1940లో కన్నాంబ, బళ్ళారి రాఘవలతో 'చండిక' తీశారు. 1941లో 'తారాశశాంకం' వచ్చింది. వెంకయ్యగారు కన్నుమూసినదీ 1941లోనే. ఈయనను 'ప్రేమనగర్' దర్శకుడు కె.ఎస్. ప్రకాశరావుగారితో కలిపి పొరబడేవారున్నారు, ఇద్దరూ వేరు.

1956లో ప్రకాశ్ మరణించారు. అదే సంవత్సరం నవంబరు 1న ఆంధ్రప్రదేశ్ అవతరించి హైదరాబాదు రాజధాని అయింది. మద్రాసులోని తెలుగు చిత్రసీమ మెల్లమెల్లగా ఈ ఊరివైపు కదలడం ఆ తరువాతి కథ. 1980లో రాష్ట్ర ప్రభుత్వం తండ్రి పేరిట రఘుపతి వెంకయ్య పురస్కారాన్ని ఏర్పరచి, తొలిసారిగా ఎల్.వి. ప్రసాద్‌గారికి ఇచ్చింది. తండ్రి పేరు ఆ విధంగా ఏటేటా పత్రికలలో వినబడసాగింది. కుమారుని పేరు సినిమా చరిత్ర పుటలలో ఒక మూల ఉండిపోయింది.

ఆయన నటన ఎలా ఉండేదో చూచి చెప్పే అవకాశం ఇక ఎవరికీ లేదు. 'భీష్మ ప్రతిజ్ఞ' నేడు దొరకదు. ఆనాటి ఫిలిము నైట్రేటు పదార్థంతో తయారైనది. త్వరగా మండుతుంది, మండకపోయినా ఉక్కలో జిగటపట్టి, పొడిపొడిగా రాలిపోతుంది. అదీకాక ఆడి ముగిసిన ఫిలిమును కరగించి అందులోని వెండిని తీసుకోవడం ఒక వ్యాపారంగా ఉండేది. దక్షిణదేశంలో తయారైన మూకీలలో ఇంచుమించు పూర్తిగా మిగిలినది 1933 నాటి 'మార్తాండవర్మ' ఒక్కటే అంటారు. అది దక్కడమూ ఒక విచిత్రం. నవల హక్కుల విషయమై తిరువనంతపురంలో ఒక పుస్తక ప్రచురణకర్త దావా వేయగా, చిత్రం ప్రతి జప్తు అయి ఆ ప్రచురణాలయంలోనే పడి ఉన్నది. 1974లో అది బయటపడి పుణెలోని జాతీయ ఫిలిం భాండాగారం చేరింది. దావా పడటమే దానికి రక్ష అయింది. భీష్ముని మీద ఎవరూ దావా వేయలేదు.

1964లో స్థాపితమైన ఆ భాండాగారం నేటికీ పాత ఫిలిము డబ్బాలకోసం వెదుకుతూనే ఉంటుంది. ఎవరి అటక మీదనో, మూతబడిన ఏ హాలు వెనుక గదిలోనో తుప్పుపట్టిన డబ్బా ఒకటి దొరకడం లోకంలో ఇతరచోట్ల జరిగినదే. పాత ఇల్లు పడగొట్టేటప్పుడు రేకు డబ్బాలను పాత ఇనుముల బండికి వేసేముందు ఒకసారి తెరిచి చూచే తెలుగువాడెవరైనా ఉంటే, అందులో ఒక ఇరవై యేళ్ళ యువకుడు చేయెత్తి నిలిచి, వినబడని మాట ఒకటి అంటూ కనిపించవచ్చు.

ఎల్.బి. నగర్ కూడలిలో రాత్రి తొమ్మిది దాటినా రద్దీ తగ్గదు. సాగర్ రోడ్డు, విజయవాడ రోడ్డు కలిసేది అక్కడే. మచిలీపట్నం బస్సు కోసం సంచులు పట్టుకొని జనం నిలుచుంటారు. తల మీదుగా మెట్రో బండి దిల్‌సుఖ్‌నగర్ వైపు సాగిపోతుంది. ఆట విడిచిన హాళ్ళ దగ్గర దాని కోసం మరికొందరు ఎదురుచూస్తూ ఉంటారు.